మార్తమ్మవ్వ నా రూములోకి వచ్చిన ఆదివారం

సహోదరులారా, సహోదరీలారా, మా నాయన పెరట్లో నీళ్ల తొట్టి పక్కన జారి పడి, లేవలేక, పిలవడానికి నోట మాట లేక, ఆ తడి నేల మీద అరగంట పడి ఉన్నప్పుడు నేను ఇంట్లో లేననుకుంటున్నారు మీరందరూ. నేను ఇంట్లోనే ఉన్నాను! గోడకు ఇవతల, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకుని, చేతిలో ఫోను పట్టుకుని, నవ్వుతూ కూర్చుని ఉన్నాను. పాస్టరు అయ్యగారికీ మార్తమ్మవ్వకూ మా ఇంట్లో వాళ్లకూ తప్ప ఈ మాట ఇంతవరకూ ఎవరికీ చెప్పలేదు, ఈ రోజు చెప్పడానికే మీ ముందు నిలబడ్డాను.

నా పేరు జీవరత్నం. ఈ రోజు కొత్తవాళ్లు కూడా కొందరు వచ్చారు కాబట్టి చెబుతున్నాను, మాది ఈ సత్యవేడే, శ్రీ సిటీలో ఒక కంపెనీలో మెషిన్ ఆపరేటర్‌గా పని చేస్తున్నాను. మా నాయన బేల్దారి మేస్త్రి, ఈ మందిరం గోడలు ఆయన చేతి మీదుగా లేచినవే. ఆయన పాట ఎత్తుకుంటే బయట రోడ్డు మీద పోయేవాళ్లు కూడా ఆగి వినేవాళ్లు. రెండేళ్ల క్రితం పక్షవాతం వచ్చి కుడి చెయ్యి, కుడి కాలు పడిపోయాయి, వాటితో పాటు మాట కూడా పోయింది. డాక్టరు చెప్పింది ఒకటే, రోజూ పొద్దున పట్టుకుని నడిపించండి, మాట్లాడించండి, విడవకుండా చేస్తే కోలుకుంటాడు అని. నా భార్య సుజాత అంగన్‌వాడీలో పని చేస్తుంది, పొద్దున్నే పోవాలి. నాది మధ్యాహ్నం షిఫ్టు. అందుకని నాయనను నడిపించే పని నా వంతుకు వచ్చింది.

నేను ఏం చేశానో తెలుసా? ఆయనను మంచం మీద కూర్చోబెట్టి, "ఒక పది నిమిషాలు నాయనా" అని చెప్పి, పక్క గదిలో తలుపు వేసుకుని రూము పెట్టేవాడిని!

రూము అంటే ఏమిటో పెద్దవాళ్ల కోసం చెబుతాను. ఫోన్లో తుపాకులతో కాల్చుకునే ఆట ఒకటి ఉంది, మీ ఇళ్లల్లో పిల్లలు ఆడుతుంటే చూసే ఉంటారు. అందులో ఎవరంటే వాళ్లతో ఆడటం ఒక పద్ధతి. రెండోది, ఒక మనిషి తనే సొంతంగా ఒక రూము తెరిచి, దానికొక నంబరు, ఒక పాస్‌వర్డ్ పెట్టుకుని, తనకు ఇష్టమైన వాళ్లకు మాత్రమే వాటిని పంపి, వాళ్లతోనే ఆట నడిపించడం. ఆ మనిషిని హోస్ట్ అంటారు. ఏ దీవిలో ఆడాలో, ఏ తుపాకులు వాడాలో, ఎప్పుడు మొదలుపెట్టాలో అన్నీ హోస్టే చెప్పాలి. ఎవడైనా నచ్చకపోతే ఒక్క వేలితో నొక్కి బయటికి తోసేయొచ్చు, దాన్ని కిక్ అంటారు. ఆ హోస్టును నేనే! ఆటలో నా పేరు కింగ్ జీవా!

నవ్వండి, నవ్వండి, ఇప్పుడు నాకూ నవ్వొస్తుంది. కానీ అప్పుడు అది నాకు సింహాసనంలా ఉండేది. కంపెనీలో సూపర్‌వైజరు నుంచి సెక్యూరిటీ దాకా అందరూ నాకు చెప్పేవాళ్లే, నేను చెబితే వినేవాడు ఒక్కడు లేడు. ఇక్కడేమో యాభై మంది నా మాట కోసం కాచుకుని ఉంటారు! "అన్నా, నాకొక సీటు పెట్టన్నా", "అన్నా, ఈ పొద్దు రూము ఎన్ని గంటలకన్నా" అని అడుగుతూనే ఉంటారు. దాంట్లో నాకు రూపాయి వచ్చేది లేదు, ఆ 'అన్నా' అనే పిలుపు కోసమే పడి చచ్చాను.

ఆ రోజు ఆట ముగిసి, నీళ్లు తాగుదామని పెరటి వైపు పోతే నాయన కింద ఉన్నాడు. తనంతట తనే లేచి నడవబోయాడు పాపం. ఎత్తి మంచం మీద పడుకోబెట్టాను, నుదుటి మీద దెబ్బ, మోచెయ్యి గీసుకుపోయింది. సాయంత్రం సుజాతతో "నేను పాలకు పోయింటి, అంతలోనే పడిపోయినాడు" అని చెప్పాను. నాయన అక్కడే ఉన్నాడు. నోరు లేదు కదా! ఊరికే నన్ను చూస్తూ ఉండిపోయాడు. ఆ చూపు తట్టుకోలేక బయటికి వచ్చేశాను.

తర్వాతైనా మానానా? మానలేదు సహోదరులారా! ఇంట్లో ఆయన కళ్ల ముందు ఆడటానికి భయం వేసి, ఆదివారం డ్యూటీ వేశారని కొత్త అబద్ధం కల్పించాను. ఆదివారం పొద్దున యూనిఫాం తొడుక్కుని, మెడలో కార్డు వేసుకుని, సుజాత కట్టిచ్చిన క్యారియరు పట్టుకుని బయలుదేరేవాడిని. పోయేది కంపెనీకి కాదు, నాతో పని చేసే సెల్వం అద్దె గదికి. అతను ప్రతి ఆదివారం ఊత్తుకోటలో ఉన్న వాళ్ల ఇంటికి పోతాడు, తాళం నాకిచ్చి పోయేవాడు. మీరిక్కడ ఆరాధనలో ఉన్న సమయానికి నేనక్కడ యూనిఫాంలో కూర్చుని రూము నడిపేవాడిని, మధ్యాహ్నం చిత్రాన్నం తిని, అలసిపోయిన ముఖం పెట్టుకుని ఇంటికి వచ్చేవాడిని! ఆరు నెలలు అలా గడిచాయి.

ఇక దేవుడు చేసిన పని వినండి.

కార్తీక మాసంలో తుపాను వాన పట్టుకుంది మీకు గుర్తుందా, వాగు పొంగి దారులన్నీ మూసుకుపోయాయి. అయ్యగారు శనివారమే చెప్పారు, రేపు ఆరాధన ఫోన్లోనే, నంబరూ పాస్‌వర్డూ పొద్దున గ్రూపులో పెడతాం అని. నేను మాత్రం ఆ వానలో కూడా గొడుగు వేసుకుని డ్యూటీకి పోయాను! రూము తెరిచి, నంబరు, పాస్‌వర్డ్ టైపు చేసి, కింద "పది గంటలకు మొదలు, లేటుగా వస్తే తీసేస్తా" అని రాసి, ఆటగాళ్ల గ్రూపుకు పంపాననుకుని మన సంఘం ప్రార్థన గ్రూపుకు పంపేశాను! పంపినట్టు కూడా నాకు తెలియదు. ఆటగాళ్లు నంబరేదన్నా అని అడిగితే నెట్టు సరిగా లేదేమోనని వాళ్లకు మళ్లీ పంపాను.

మీలో చాలామంది ఆ నంబరు కొట్టి చూసి, రాక, అయ్యగారికి ఫోన్ చేశారట. మన మార్తమ్మవ్వ కోడలు కోమల మాత్రం చూడగానే గుర్తు పట్టింది. వాళ్లాయన బాలు కూడా ఆ ఆట ఆడతాడు, అవ్వ చేతిలో ఉన్నది అతని పాత ఫోనే. "అత్తా, ఇది మీ కొడుకు ఆడేదాంట్లో నంబరు. ఇప్పుడు చర్చీ వాళ్లు దీంట్లో గూడా పెడతా ఉండారేమో" అని అవ్వను నా రూములో చేర్చి, మైకు తెరిచి, తను పొయ్యి మీద అన్నం చూడటానికి పోయింది!

నా రూములో నలభై ఎనిమిది మంది చేరారు. మొదలుపెట్టబోతున్నాను. తలకు ఎర్ర హెల్మెట్, భుజాన పెద్ద తుపాకీ వేసుకున్న ఒక బొమ్మ నలభై తొమ్మిదో వాడిగా వచ్చి నిలబడింది. పేరు టైగర్ బాలు. ఆ బొమ్మలో నుంచి, సహోదరులారా, మార్తమ్మవ్వ గొంతు వచ్చింది!

"అందురికీ వందనాలు. అయ్యగారు ఇంకా రాలేదా? సరే, వచ్చేలోపల నేనొక చిన్న ప్రార్థన చేస్తా."

ఎవడో పగలబడి నవ్వాడు. "హోస్టన్నా, ఎవరన్నా ఈ అవ్వ? కిక్ చేయన్నా!" అన్నాడు. నా వేలు ఆ బటన్ మీదే ఉంది. నొక్కితే అయిపోతుంది. అంతలో అవ్వ మొదలుపెట్టేసింది.

"ప్రభువా, నా తండ్రీ, ఇంత వానలో గూడా మమ్మల్ని ఒకతావ చేర్చినావు, నీకు స్తోత్రం. ఈడ శానా మంది బిడ్డలు నిలబడుండారు, తలకాయికి టోపీలు పెట్టుకోని ఉండారు, ఎవురి బిడ్డలో నాకు తెలీదు, నీకు తెలుసు. అందుర్నీ సల్లగా సూడు. తండ్రీ, మన జీవరత్నాన్ని జ్ఞాపకం చేసుకో. ఈ వానలో గూడా డూటీకి పోయినాడంట బిడ్డ. వాళ్ల నాయన నోట మాట లేకుండా మంచాన కూర్చోనుండాడు. ఆయనకు కొడుకు కావల్ల తండ్రీ. ఈ ఆదివారం డూటీ ఏసిన ఆఫీసరు ఎవురో, వాని మనసు మార్చు. వాడు రాయి మాదిరుంటే గూడా కరిగించు. ఆ బిడ్డను ఇంటికి పంపించు."

ఆ డ్యూటీ వేసిన ఆఫీసరు నేనే కదా! ఆ రాయి నేనే కదా! అవ్వ నా కోసం కన్నీళ్లతో అడుగుతోంది, నేను ఆమెను బయటికి తోయడానికి వేలు పెట్టుకుని కూర్చున్నాను. వేలు తీసేశాను.

ఎవరూ నవ్వడం లేదు ఇప్పుడు. అవ్వ "ఆమెన్ అనండి బిడ్డలారా" అంది. ఒకడు మెల్లగా "ఆమెన్" అన్నాడు. ఇంకొకడు అన్నాడు. ఆ తర్వాత లోకేశు అనే అతను, కాణిపాకంలో పూల అంగడి పెట్టుకున్న మనిషి, "అవ్వా, మాయమ్మకు మోకాళ్ల నొప్పులు, నడవలేకుండా ఉండాది. ఆమెకు గూడా అడుగవ్వా" అన్నాడు. "ఆమె పేరేం నాయనా?" అని అడిగి అవ్వ మళ్లీ ప్రార్థన ఎత్తుకుంది. ఇంకొకరు చెల్లెలి పరీక్షలన్నారు, మరొకరు ఉద్యోగమన్నారు. నా రూములో తుపాకులు పట్టుకుని నిలబడ్డ వాళ్లందరికీ వరసగా ప్రార్థన జరిగింది! హల్లెలూయ!

నేను మైకు తెరిచి, "ఈ పొద్దు మ్యాచ్ లేదబ్బా, నేను ఇంటికి పోవల్ల" అన్నాను. గొంతు గుర్తుపట్టి అవ్వ "జీవా? నువ్వు గూడా వచ్చినావా? డూటీ లేదా?" అంది. రూము మూసేసి లేచాను.

గొడుగు మరిచిపోయి వానలో నడిచి ఇంటికి పోయాను. సుజాత, నాయన ఫోన్ ముందు పెట్టుకుని అయ్యగారి వాక్యం వింటున్నారు. "ఇంత బిన్నా వచ్చేసినావే, ఇంకా మద్యానం గూడా కాలేదు, డూటీ లేదా?" అంది సుజాత.

"డూటీ ఎప్పుడూ లేదు సుజాతా" అన్నాను.

అన్నీ చెప్పాను. ఆమె నా చేతిలో క్యారియరు తీసుకుని, మూత తెరిచి చూసి, "ఆరు నెల్లుగా నేను తెల్లారి లేసి చేసిచ్చిన సద్దిని ఆడ కూర్చోని ఎట్ల తింటివి నువ్వు?" అంది. ఆ మాట కన్నా ఆమె నన్ను కొట్టి ఉంటే బాగుండేది. తర్వాత నాయన కాళ్ల దగ్గర కూర్చుని, "ఆ పొద్దు నేను పాలకు పోలేదు నాయనా, ఇంట్లోనే ఉన్నా" అన్నాను. ఆయనకు ముందే తెలుసు. బాగున్న ఎడమ చెయ్యి ఎత్తి నా తడిసిన తల మీద పెట్టి, పక్కనున్న తువ్వాలు తీసి నా మీద వేశాడు. అప్పుడు ఏడ్చాను సహోదరులారా, చిన్నపిల్లాడిలా ఏడ్చాను.

అంతటితో విడుదల వచ్చేసిందని చెబితే అబద్ధం చెప్పినట్టే. సుజాత పది రోజులు నాతో సరిగా మాట్లాడలేదు. ఆటను ఫోన్లో నుంచి తీసేశాను, నాలుగో రోజు మళ్లీ ఎక్కించుకున్నాను! పది గంటలయ్యేసరికి బొటనవేళ్లు వాటంతట అవే కదిలేవి. ఆ పొద్దున ఫోను ఒళ్లో పెట్టుకుని, "ప్రభువా, నాకు చేతకావడం లేదు, మానేస్తానని నీకు మాట ఇచ్చే అర్హత కూడా నాకు లేదు, నా రెండు చేతులూ నువ్వే పట్టుకో" అని ప్రార్థించాను. కళ్లు తెరిచేసరికి నాయన గోడ పట్టుకుని గుమ్మంలో నిలబడి ఉన్నాడు, నడకకు పోదామని చెయ్యి చాపి. ఆ చెయ్యి పట్టుకున్నాను. ఆ రోజు పది గంటలకు వీధి చివరి దాకా పోయి వచ్చాం. మరుసటి రోజూ పది గంటలకే. ఆ వారం గడిచేలోపు ఆటను తీసేశాను, ఇప్పటికి తొమ్మిది నెలలైంది, మళ్లీ ముట్టలేదు. దేవునికే మహిమ!

సంక్షిప్తంగా చెప్పమన్నారు అయ్యగారు, కానీ ఇదొక్కటి చెప్పాలి. మూడో నెలలో ఒక రోజు నడుస్తూ నేను ఎటో చూస్తున్నాను, ముందు గుంట ఉంది, నాయన నా చెయ్యి గట్టిగా లాగి "సూడు!" అన్నాడు. దాదాపు ఏడాదిన్నరగా వినని గొంతు! తిట్టినా సరే, మాట వచ్చింది! రోడ్డు మధ్యలోనే ఆయనను వాటేసుకున్నాను, వెనక ఆటోవాడు హారన్ కొడుతున్నా వదల్లేదు.

మార్తమ్మవ్వకు నిజం చెప్పి క్షమించమని అడిగితే ఏమన్నారో తెలుసా? "అదా సంగతి! అంతమంది తుపాకులు పట్టుకోని నిలబడుంటే, మిలిటరీ వాళ్లకు గూడా మీటింగు పెట్టినారనుకుంటిని" అన్నారు! లోకేశు ఇప్పటికీ ఆమెకు ఫోన్ చేసి వాళ్లమ్మ బాగోగులు చెబుతుంటాడు, అవ్వ ప్రతి ఆదివారం ఆమె పేరు ఎత్తకుండా ప్రార్థన ముగించరు.

ప్రియులారా, ఆటలన్నీ పాపమని చెప్పడానికి నేను రాలేదు. మీ చేతిలో ఉన్నది ఫోను కాకపోవచ్చు, ఇంకేదో కావచ్చు, దాని చుట్టూ ఒక అబద్ధం కట్టుకుని రోజూ యూనిఫాం వేసుకుని పోతూ ఉండొచ్చు. దాన్ని ఈ రోజు ప్రభువు ముందు పెట్టండి. నాకు చేతకాదు అని చెప్పడానికి సిగ్గుపడకండి. నన్ను తోసేయని దేవుడు మిమ్మల్నీ తోసేయడు, ఆయనను నమ్మండి. ఇంటికి పోవాల్సిన వాళ్లు ఈ రోజే పోండి.

నాయన ముందు వరసలో ఉన్నారు. తను కూడా ఒక మాట చెబుతానని పొద్దున్నుంచి సైగ చేస్తున్నారు. ఏం చెబుతారో నాకు తెలియదు. మాట కూడదీసుకోవడానికి ఆయనకు సమయం పడుతుంది, మధ్యలో ఆగితే ఎవరూ అందించకండి, ఆయనకు కోపం వస్తుంది. మనమందరం కాచుకుందాం.

లెయ్ నాయనా. నిదానంగా. నేను పట్టుకోనుండాను, చెప్పు.