కార్నర్‌బ్యాక్‌కి శాలువా

మెడలో దండ వేసి, భుజాల మీద శాలువా కప్పి, నిండు సభలో ఒక మంచి మనిషి పరువు తీయడం ఎలాగో మీకెవరికైనా నేర్చుకోవాలనుంటే నన్ను అడగండి. అమెరికాలో షికాగో పక్కనున్న మా నేపర్‌విల్ తెలుగువాళ్ళలో ఆ విద్య వచ్చినవాణ్ణి నేనొక్కణ్ణే. మూడేళ్ళ కిందట ఉగాది వేడుకల్లో అందరి ఎదుటా చేసి చూపించాను. మా ఆవిడ హైమ ఇప్పటికీ ఆ శాలువా కొన్న షాపు వైపు కారు పోనివ్వదు.

అసలు రోగం ఎక్కడ మొదలైందో చెప్పాలి. ఈ దేశం వచ్చిన కొత్తలో సోమవారం పొద్దున ఆఫీసుకి వెళ్తే అందరూ ఫుట్‌బాల్ గురించే మాట్లాడుకునేవాళ్ళు. మనం కాళ్ళతో ఆడేది కాదు, దాన్ని ఇక్కడ సాకర్ అంటారు; ఇది కోడిగుడ్డులాంటి బంతిని చేత్తో పట్టుకుని పరుగెత్తే ఆట. మనకి క్రికెట్ తప్ప ఇంకో ఆట తెలియదు. అలాగని కాఫీ మెషిన్ దగ్గర గుడ్లప్పగించి ఎంతసేపు నిలబడతాం? అందుకని మూడు వాక్యాలు బట్టీ పట్టాను. 'డిఫెన్స్ బాగా ఆడింది.' 'రెఫరీలు అన్యాయం చేశారు.' 'మన క్వార్టర్‌బ్యాక్ బంతిని ఇంకాస్త త్వరగా వదలాలి.' నమ్ముతారో లేదో, ఈ మూడింటితో ఎనిమిదేళ్ళు నెట్టుకొచ్చాను. జట్టు గెలిచినా ఓడినా వీటిలో ఒకటి అతికినట్టు సరిపోయేది. ఆ నోటా ఈ నోటా పడి, ముకుంద్‌కి ఫుట్‌బాల్ కొట్టినపిండి అని తెలుగువాళ్ళలో పేరొచ్చేసింది. నేను కాదనలేదు. వచ్చిన పేరు కాదనడానికి నాకేం తిక్కా?

మా పక్కింట్లో రోలండ్ అని ఒకాయన ఉంటాడు. మిడిల్ స్కూల్లో జిమ్ టీచర్. చలికాలంలో తన ఇంటి ముందు మంచు తోసుకుంటూ, అడక్కుండానే మా డ్రైవ్‌వే కూడా తోసిపెట్టే రకం. ఒకసారి థాంక్స్ చెప్పడానికి బయటికెళ్తే మాటల్లో తెలిసింది, ఆయన ఒకప్పుడు పెద్ద లీగ్‌లో ఆడాడని.

"ఏ పొజిషన్?" అన్నాను, తెలిసినవాడిలా.

"కార్నర్‌బ్యాక్."

"ఓ, కార్నర్‌బ్యాక్," అని నిట్టూర్చాను, అదేదో మా మేనమామ చేసిన ఉద్యోగమన్నట్టు.

కార్నర్‌బ్యాక్ అంటే ఏమిటో అప్పుడు నాకు తెలియదు గానీ, మీరూ నాలాగా అభాసుపాలు కాకూడదని ముందే చెప్పేస్తున్నాను. అవతలి జట్టులో బంతి అందుకోవడానికి పరుగెత్తేవాడు ఒకడుంటాడు. వాడి వెంటపడి, వాడికి బంతి దక్కకుండా చూడటమే ఈయన పని. వాడెటు తిరుగుతాడో వాడికే తెలుసు. ఈయన మాత్రం వెనక్కి పరుగెత్తుతూ పసిగట్టాలి. రోలండ్‌ని ఏ జట్టూ ఏరికోరి తీసుకోలేదట. ఊరూపేరూ లేని కాలేజీ నుంచి వచ్చి, ఒక జట్టులో ప్రాక్టీసు వరకు పనికొచ్చేవాడిగా చేరి, ఇంకో జట్టులో ఎవరికో దెబ్బ తగిలితే మైదానంలోకి దిగి, మూడో జట్టులో తొడ కండరం చిట్లి ఇంటికొచ్చేశాడు. అంతే ఆయన కెరీర్. ఇదంతా ఆయన మంచు తోస్తూనే చెప్పాడు, పెద్దగా బాధపడకుండా.

ఆ ఏడాది మంచు కరిగే వేళకి ఆయన పిల్లలకి శనివారాలు ఫుట్‌బాల్ నేర్పే క్యాంప్ పెట్టాలనుకున్నాడు. గుద్దుకోవడాలు, మీద పడటాలు లేని రకం ఆట. నడుముకి కట్టుకున్న రిబ్బన్ లాగేస్తే చాలు. కాకపోతే పార్కు వాళ్ళు, ముందు తగినంతమంది పిల్లలు చేరితేనే గ్రౌండ్ ఇస్తామన్నారు. చేరినవాళ్ళేమో వేళ్ళమీద లెక్కపెట్టేంతమంది.

"ఈ నెలాఖరులోగా పిల్లలు రాకపోతే గ్రౌండ్ సాకర్ వాళ్ళకి ఇచ్చేస్తారు ముకుంద్," అన్నాడు కంచె అవతల నుంచి. "నాకు బాగా వచ్చిన పని ఒకటే. అది ఎవరికైనా నేర్పకుండా ముసలివాణ్ణయిపోతానేమో అనిపిస్తోంది."

ఆ మాటకి నా మనసు కరిగిపోయింది. నా మనసు కరిగిన ప్రతిసారీ ఎవరికో ఒకరికి మూడుతుంది. "మీరు నిశ్చింతగా ఉండండి. మా తెలుగు సంఘం ఉంది, అందులో నేనున్నాను," అని అభయమిచ్చాను.

మా సంఘం ప్రెసిడెంటు డాక్టర్ ప్రభాకరం గారు. రిటైరైన గుండె డాక్టరు. సన్మానాలంటే చెవి కోసుకుంటారు. ఆ ఏడాది సన్మానించడానికి మనిషి దొరక్క, పోయినేడు చేసినాయనకే మళ్ళీ చేద్దామా అని మీటింగులో ఆలోచిస్తున్నారు. నేను రోలండ్ పేరు చెప్పాను. ఉగాదికి తల్లిదండ్రులందరూ వస్తారు, వేదిక మీద ఘనంగా సన్మానిస్తే పిల్లల్ని క్యాంప్‌లో చేర్చడానికి వాళ్ళే ఎగబడతారని నా ప్లాను.

"పెద్ద ఆటగాడేనటోయ్?" అన్నారు ప్రభాకరం గారు.

"పెద్ద లీగ్‌లో ఆడాడండీ."

"ఏమైనా కొట్టాడా?"

"కొట్టకుండా ఎలా ఉంటాడండీ," అన్నాను.

"మరి వీడియో ఉందా? అంత పెద్ద ఎల్ఈడీ స్క్రీన్ తెప్పిస్తున్నాం, దాని మీద ఏదో ఒకటి వేయాలి కదా."

ఇంటికొచ్చి ఇంటర్నెట్ అంతా గాలించాను. రోలండ్ పేరు మీద దొరికింది ఒకే ఒక్క వీడియో. పేరు పక్కన 'ఎవరూ మరచిపోలేని ప్లే' అని ఉంది. నా ఆనందానికి పట్టపగ్గాల్లేవు. ఇద్దరు మనుషులు పక్కపక్కనే పరుగెత్తుతుంటారు. ఒకడు గాల్లోకి లేచి ఒంటిచేత్తో బంతి పట్టుకుంటాడు. రెండోవాడు కాలు జారి, రెండు చేతులూ చాచి బోర్లా పడతాడు. స్టేడియం హోరెత్తిపోతుంది. ఇద్దరికీ హెల్మెట్లే, మొహాలు కనబడవు. మీరు చెప్పండి, వీళ్ళలో సన్మానం ఎవరికి చేస్తారు? బంతి ఎవరి చేతిలో ఉంటే వాడే మన రోలండ్ అని తేల్చేశాను.

హైమ భుజం మీదుగా చూసి, "ఒకసారి ఆయనకి చూపించరాదూ," అంది.

"సర్‌ప్రైజ్ హైమా."

"పోనీ ఆట తెలిసినవాళ్ళకెవరికైనా?"

"నేనున్నాగా."

ఆవిడ నా మొహం కేసి కాసేపు చూసి, వంటింట్లోకి వెళ్ళిపోయింది. పన్నెండేళ్ళ కాపురంలో ఆవిడ మౌనానికి అర్థం నాకింకా పూర్తిగా బోధపడలేదు.

ఇక నాలోని కళాకారుడు నిద్రలేచాడు. స్టేడియం గోల తీసేసి నాదస్వరం పెట్టాను. బంతి పట్టుకున్న చోట స్లో మోషన్ చేసి మూడుసార్లు రిపీట్ చేశాను. బంతి పట్టినవాడి చుట్టూ పూలదండ బొమ్మ వేశాను. అంతటితో ఆగినా బాగుండేది. కింద పడ్డవాడి వైపు ఒక ఎర్ర బాణం గీసి, పక్కన లావుపాటి తెలుగు అక్షరాల్లో 'పాపం!' అని రాశాను.

ఉగాది రోజు రోలండ్ సూటు వేసుకుని, గడ్డం నున్నగా చేసుకుని వచ్చాడు. పచ్చడి తిని, వేపపువ్వు పంటి కింద పడ్డా మొహం మార్చుకోలేదు. ప్రభాకరం గారు శాలువా కప్పబోతే అది ఆయన ఒక భుజానికే సరిపోయింది. కొబ్బరికాయ చేతికిస్తే చంకలో బిగించి పట్టుకున్నాడు, ఎవరైనా లాక్కుపోతారేమో అన్నట్టు. నేను మైకు తీసుకుని, ఈయన కార్నర్‌బ్యాక్ అని, ఇటువంటి వీరుడు మన పక్కింట్లో ఉండటం మన పూర్వజన్మ సుకృతమని, ఈయన ఎగిరితే ఆకాశం కాస్త పక్కకి జరిగేదని, నోటికొచ్చిందల్లా తెలుగులో ఒకసారి, ఇంగ్లీషులో ఒకసారి చెప్పి, "చూడండి ఆ మహాద్భుతం," అని స్క్రీన్ వైపు చెయ్యి చాపాను.

నాదస్వరం మొదలైంది. బంతి గాల్లోకి లేచింది. పూలదండ మనిషి ఎగిరి పట్టుకున్నాడు. మావాళ్ళు ఊరుకుంటారా? లేచి నిలబడి చప్పట్లు, ఈలలు. నేను గర్వంగా రోలండ్ కేసి తిరిగాను. ఆయన స్క్రీన్ చూడటం లేదు. కొబ్బరికాయ కేసి చూస్తున్నాడు.

ఇక్కడే పుట్టి పెరిగిన మన పిల్లలు వెనక వరసల్లో ఉన్నారు. వాళ్ళు చప్పట్లు కొట్టలేదు. ముందు గుసగుసలు, తర్వాత కిసకిసలు. ఒక పిల్ల గొంతు హాలంతా వినబడింది. "వెయిట్, కార్నర్‌బ్యాక్ అంటే కింద పడ్డ గై కదా?"

వెనక వరస నుంచి ముందు వరసకి ఒక్కొక్కరే చప్పట్లు ఆపుకుంటూ వచ్చారు. ప్రభాకరం గారు నా చెవి దగ్గర, "పిల్లలేమంటున్నారోయ్?" అన్నారు.

"ఎగ్జైట్ అవుతున్నారండీ," అన్నాను. అప్పటికి నా చొక్కా వీపుకి అతుక్కుపోయింది.

వీడియో ఆపమని లాప్‌టాప్ వైపు సైగ చేశాను. లాప్‌టాప్ దగ్గర కూర్చున్న పెద్దమనిషి టీ కోసం వెళ్ళాడు. అది అయిపోవడం, మళ్ళీ మొదటికి రావడం. శాలువా కప్పుకున్న రోలండ్ ఇటు నిలబడి ఉంటే, ఆయన వెనక గోడంత రోలండ్ బోర్లా పడుతున్నాడు, నాదస్వరంతో, బాణంతో, 'పాపం!'తో సహా. పార్కు వాళ్ళు పెట్టిన గడువు, కంచె దగ్గర ఆయన మొహం, అన్నీ ఒక్కసారిగా గుర్తొచ్చాయి. ఏడుపొచ్చింది. నవ్వులాట కాదు, నిజంగానే ఏడుపొచ్చింది.

రోలండ్ నా చేతిలోంచి మైకు తీసుకున్నాడు.

"బంతి పట్టుకున్నది నేను కాదు," అన్నాడు. "ఆ కింద ఉన్నది నేను."

అప్పటికి టీ కప్పుతో తిరిగొచ్చిన పెద్దమనిషి వీడియో ఆపాడు.

"ఈ వీడియో నేను చాలాసార్లు చూశాను. రాత్రిళ్ళు కళ్ళు మూసుకున్నా కనబడేది. కానీ ఇంతమంది లేచి నిలబడి నా వైపు చూస్తూ చప్పట్లు కొట్టడం ఇదే మొదటిసారి. ఆ రోజు స్టేడియంలోనూ కొట్టారు. అవి నాకు కాదు."

ఎవరో నవ్వారు, అందరూ నవ్వారు, ఆయనా నవ్వాడు. చంకలో కొబ్బరికాయ మాత్రం వదల్లేదు.

"నా పని నేను సరిగ్గా చేస్తే బంతి నా వైపు రానే రాదు," అన్నాడు. "ఏమీ జరగని రోజులకి వీడియోలుండవు. జరిగిన ఒక్క రోజుదే ఉంటుంది."

హాల్లో సగం మంది ప్రొడక్షన్ సపోర్ట్‌లో, అంటే కంపెనీల కంప్యూటర్లు ఆగిపోకుండా కాపలా కాసే పనిలో ఉన్నవాళ్ళే. సిస్టమ్ నడిచినన్నాళ్ళూ వీళ్ళు ఉన్నారని కూడా ఎవరికీ తెలియదు. పడిపోయిన పూట మాత్రం పైనుంచి కిందిదాకా అందరికీ వీళ్ళ పేర్లే కావాలి. వాళ్ళందరూ కుర్చీల్లో ముందుకి జరిగి కూర్చున్నారు.

మూడో వరసలోంచి స్వప్న లేచింది. కరీంనగర్ అమ్మాయి, మా వీధి చివరే ఉంటుంది. ఇంగ్లీషు నాకంటే బాగా వచ్చుగానీ, మనసులో మాటైతే తెలుగులోనే వస్తుంది ఆవిడకి.

"ముకుందన్నా, సార్‌ని ఒక్కమాట అడుగు. గట్ల పడ్డంక ఏం చేసిండు?"

అడిగాను.

"కాసేపటికి మళ్ళీ దిగాల్సి వచ్చింది," అన్నాడు రోలండ్. "అదే మనిషి నా ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. నేనూ నిలబడ్డాను. ఆ రోజు మళ్ళీ అతనికి బంతి దక్కలేదు."

"దాని వీడియో ఉందా?" అని స్వప్న అంటే అదీ అడిగాను.

"లేదు. ఏమీ జరగలేదు కదా."

స్వప్న వెనక వరసల్లో ఉన్న కొడుకు కేసి తిరిగి చూసింది. తర్వాత, "మావోడు స్పెల్లింగ్ పోటీల ఒక్క మాట తప్పు చెప్పిండని ఇప్పటికీ స్టేజీ ఎక్కుత లేడన్నా. పరీక్షల ఏ గ్రేడు పోయి బి వచ్చిందంటే అన్నం ముట్టడు. మళ్ళ పోయి నిలబడుడు ఉంది చూడు, గది నేర్పుతడా అడుగు. ఆట రాకున్నా మంచిదే."

ఒక్క మాట పోకుండా అనువదించాను. రోలండ్ చాలా నెమ్మదిగా జవాబిచ్చాడు. "నాకు బాగా వచ్చింది అదే."

భోజనాల దగ్గర పులిహోర చల్లారిపోయింది. తల్లిదండ్రులందరూ పిల్లల పేర్లు రాయించడానికి రోలండ్ చుట్టూ మూగారు. ఆ పూటతో గ్రౌండ్ ఖాయమైపోయింది.

పార్కింగ్ లాట్‌లో ఆయన కారు దగ్గర నిలబడి, "క్షమించండి. నిజానికి నాకు ఫుట్‌బాల్ గురించి ఏమీ తెలియదు," అన్నాను.

"తెలుసు," అన్నాడు.

"ఎప్పట్నుంచి?"

"మొదటి చలికాలం నుంచి. ఒక సోమవారం నాతో, రెఫరీలు అన్యాయం చేశారన్నావు. ఆ వారం మన జట్టుకి మ్యాచే లేదు."

"మరి నేను పిలిస్తే ఎందుకొచ్చారు?"

"ఆట మానేశాక నన్ను ఆటగాడిగా ఎవరూ పిలవలేదు ముకుంద్." కారు తలుపు తీసి ఆగాడు. "అవునూ, ఆ బాణం పక్కన ఏం రాశావు?"

అబద్ధం చెప్పే ఓపిక లేదు. ఆ మాటకి అర్థం చెప్పాను. మనం ఎవరిమీదైనా జాలిపడ్డప్పుడు అనేదని చెప్పాను.

ఆయన కొబ్బరికాయని పక్క సీట్లో జాగ్రత్తగా పెట్టాడు. "ఆ వీడియో కింద జనం చాలా రాశారు. అందులో ఇదే నయం," అన్నాడు.

క్యాంప్ మొదటి శనివారం మావాళ్ళందరూ మడతకుర్చీలు, ఫ్లాస్కులు, చేగోడీల డబ్బాలతో గ్రౌండ్‌కి దిగారు. పడ్డవాడు వెంటనే లేచి వెళ్ళి మళ్ళీ నిలబడాలన్నదే అక్కడ మొదటి పాఠమని రోలండ్ చెప్పాడు. ఇంకేం, ఏ పిల్లాడు పడినా మావాళ్ళు లేచి చప్పట్లు. స్వప్న అయితే కొడుకు బోర్లా పడ్డప్పుడల్లా ఈల వేసింది. పక్క గ్రౌండ్‌లో సాకర్ తల్లులు, ఎవరీ రాక్షస జనం అన్నట్టు పిల్లల్ని దగ్గరికి లాక్కున్నారు.

కాసేపటికి రోలండ్ నా దగ్గరికి వచ్చాడు. "మీవాళ్ళని కొంచెం చప్పట్లు తగ్గించమంటావా?"

"ఏం, పిల్లలు సిగ్గుపడుతున్నారా?"

"కాదు. కావాలని పడుతున్నారు."

కాబట్టి ఇందుమూలంగా యావన్మంది తెలుగువారికీ తెలియజేయునది ఏమనగా: ముకుంద్ అనబడే నేను, హైమ సాక్షిగా, రోలండ్ ఒక భుజానికే సరిపోయిన ఆ శాలువా సాక్షిగా, ఇకమీదట ఎవరిని సన్మానించినా, వీడియోలో కనబడే ఇద్దరిలో మన మనిషి ఎవరో ముందు ఆయన్నే అడిగి తెలుసుకుంటానని ప్రమాణం చేస్తున్నాను. ఒకవేళ కింద పడ్డవాడే మన మనిషని తేలితే, పూలదండ వాడి మెడలోనే వేస్తాను.