తీరిక ఉన్న అమ్మవారు

నిన్న ట్రంకుపెట్టె తెరిస్తే నాఫ్తలీన్ ఉండల వాసన కొట్టింది. రెండు తుమ్ములతో పాటు మద్రాసు గుర్తొచ్చింది.

యుద్ధం ముగిసి ఏడాదైనా, సిపాయిగా బర్మాకు పోయిన నాయన దగ్గర్నుంచి ఉత్తరం లేదు. ఆ రోజుల్లో మా పాకాల బడి అయ్యవారు, మద్రాసు మ్యూజియాలన్నీ ఒక్కరోజులో చూపిస్తానని మా వీధివాళ్ళను రైలెక్కించారు. బెత్తం చూపిస్తూ ఆయన చరిత్ర చెబుతుంటే, పటాల్లోని రాజులు కూడా ఒప్పజెప్పాల్సిన పాఠం మరిచిపోయినట్టే నిలబడ్డారు.

మొదటి మ్యూజియంలో గోడనిండా తుపాకులు. సిపాయిలంతా వాటిని అప్పగించి ఇళ్ళకు బయలుదేరారని నాకు అర్థమైపోయింది. వాటిలో నాయనది ఏదో వెతుకుతూ వెనకబడితే, అయ్యవారు చెవి పట్టుకుని రెండో మ్యూజియానికి నడిపించారు.

అక్కడ నాఫ్తలీన్ వాసన మధ్య ఒక కంచు అమ్మవారు. మా అమ్మ తన జడలోని మల్లెపూలు తీసి ఆమె పాదాల దగ్గర పెట్టింది.

"ఈమెకు పూజలు లేవమ్మా, చూసేదానికి పెట్టినారు," అన్నారు అయ్యవారు.

"అందుకే ఈమెకు తీరిక ఉంటాది అయ్యోరా. కొండమీద సామికి అంత జనంలో నా మాట యాడ వినబడతాది?"

అమ్మ కళ్ళు మూసుకుంది. తెరిచేలోపు కావలివాడు పూలు ఊడ్చేశాడు.

నాయన రాలేదు. అమ్మవారిని అమ్మ ఒక్క మాటా అనలేదు. "ఆ కావలోడు పూలు తీయకుండా ఉండింటేనా!" అని అతన్నే తిట్టేది. నేనూ గట్టిగా వంత పాడేవాణ్ణి.

అతని తప్పేమీ లేదని పెద్దయ్యాక అర్థమైంది. తిట్టుకోవడానికి ఆ ఒక్క మనిషీ లేకుండా పోయాక, నాయన లేని లోటు ఇంకాస్త పెద్దదైంది.