బైతెరెక్ అనని నోరు

మా కాల్‌బూబూ నల్ల రుమాలుతోనే మట్టిలోకి ఎందుకు పోయిందని మా వీధిలో ఎవరినైనా అడగండి, ఒకటే మాట చెబుతారు. "మొగుడంటే పడేది కాదు. మనసు ఇంకెక్కడో ఉండేది." కొందరు ఆ ఇంకెక్కడో ఉన్నవాడి పేరు కూడా చెబుతారు. పశువుల డాక్టరట! ఆ డాక్టరుకి ఆవుకీ గుర్రానికీ తేడా తెలియాలంటే తోక పట్టుకుని చూడాలి, చూపు అంత గొప్పది. ఆయనకి కాల్‌బూబూ అందం ఎక్కడ కనబడిందో ఆ దేవుడికే తెలియాలి.

పోయినవాళ్ల మీద ఎంతైనా చెప్పవచ్చు, లేచి వచ్చి జుట్టు పట్టుకోరు. నేను కాపురానికి వచ్చిన నాటి నుంచి వాళ్ల గోడకి ఇవతలే ఉన్నదాన్ని. వాళ్లింట్లో ఏం ఉడుకుతోందో వాసన పట్టి చెప్పగలను. చదివింది నాలుగో తరగతే అయినా, విన్నది విన్నట్టు రాయడానికి అది చాలు.

కాల్‌బూబూ పాలకేంద్రంలో ఆవులు పితికేది. మామూలుగా మాట్లాడితే ఆమె గొంతు తుప్పు పట్టిన తలుపులా ఉండేది. కానీ చావింట్లో వేసిన ఉన్ని గుడారంలోకి వెళ్లి, వాకిలికి వీపు పెట్టి, చేతులు నడుముకి ఆనించి శోకం ఎత్తిందంటే, బయట కర్రల మీద వాలి నిలబడ్డ మగవాళ్లు కూడా కళ్లు తుడుచుకునేవారు. పక్క ఊళ్ల నుంచి కూడా గుర్రం పంపి పిలిపించుకునేవారు. వెళ్లగానే ముందు పెద్ద కోడలిని పక్కకి పిలిచి అడిగేది: పోయినాయనకి ఏం తిండి ఇష్టం, ఏ గుర్రం ఎక్కేవాడు, కోపం వస్తే ఏమని తిట్టేవాడు? అవన్నీ అల్లి పాడేది.

ఎవరి శోకమైనా ఒక మాట మాత్రం తప్పకూడదు. పోయినవాడు మగవాడైతే, బైతెరెక్, అంటే మహావృక్షం, కూలిందని పాడాలి. ఆ మాట పడితేనే ఆ మనిషికి ఈ లోకంలో పూర్తి సాగనంపు. దొంగైనా సరే, తాగుబోతైనా సరే. తాగి తాగి కాలువలో పడి పోయిన కాల్‌మురాత్‌కి ఏం పాడుతుందా అని అందరం చెవులు రిక్కించాం. "గాలి లేకున్నా ఊగిన బైతెరెక్కా" అని ఎత్తుకుంది. మేం ఆడవాళ్లం రుమాలు కొసలు నోట్లో కుక్కుకుని నవ్వాపుకున్నాం. వాడి భార్య మాత్రం ఆ మాటకే గట్టిగా ఏడ్చింది.

ఆ మాట గురించి మా ఊళ్లో ఒకసారి పెద్ద వాదం జరిగింది. ఎవరి కర్మ విందో గుర్తు లేదు, టీ పోస్తున్నది మాత్రం నేనే. బడి పంతులమ్మ మైరమ్ తెలిసినట్టు చెప్పింది:

"తెరెక్ అంటే కాలువ గట్టున నిటారుగా పెరిగే ఆ చెట్టే కదా అందరికీ. మన ఊట మీద ఉన్నది తెరెక్ కాదు, కరాగాచ్. నల్లమాను. దానికి బైతెరెక్ అని పేరు పెట్టినవాడికి చెట్లు తెలియవు."

అబ్దిలాస్ తాత టీ గిన్నె దించాడు. ఊళ్లో అందరికంటే పెద్దవాడు.

"పంతులమ్మా, నీకు పిల్లలెందరు?"

"ముగ్గురు తాతా."

"నాకు మునిమనవలు. అందుకని కాస్త విను. మా తాత కాలంలో నేల మీద నిలబడిందల్లా తెరెకే. నల్లమానూ తెరెకే, విల్లో కూడా తెరెకే. తర్వాత ఒక్కొక్క దానికి ఒక్కొక్క పేరు వచ్చి, పాత పేరు ఆ కాలువ గట్టు దానికి మిగిలింది. ఇక బై అంటే డబ్బున్నవాడు అనుకుంటారు మీరు. డబ్బు కాదే అమ్మా. పది మందికి నీడ ఇచ్చేంత ఉన్నవాడు. చుట్టూ ఇంకో చెట్టు లేనిచోట ఒంటరిగా నిలబడి, పైన గద్దనీ కింద పామునీ మధ్యన మనిషినీ మోసేది బైతెరెక్. దానికి ఆకు ఎలా ఉంటే ఏం?"

"ఆసరాని తిరెక్ అంటాం కదా, అదీ ఇదీ ఒకే మాటని నగరంలో ఒక పెద్దాయన చెప్పాడు," అంది మైరమ్ పట్టు వదలకుండా.

"ఆ పెద్దాయనకి కూడా టీ పోయండి," అన్నాడు తాత. అందరూ నవ్వారు. కాల్‌బూబూ నవ్వలేదు, వింటోంది. మాటలు ఆమెకి పనిముట్లు కదా.

ఊట మీది ఆ నల్లమానే మా బైతెరెక్. పిల్లలు లేనివాళ్లు దానికి గుడ్డపీలికలు కట్టేవారు. కొమ్మ విరిచినా ఇంటికి కీడు అనేవారు. కింద రాలిన పుల్ల కూడా ఎవరూ పొయ్యిలో పెట్టేవారు కాదు.

తర్వాత, ఊరందరికీ పని ఇచ్చే సర్కారు సామూహిక వ్యవసాయ క్షేత్రం మూతబడిన చలికాలం వచ్చింది. గొర్రెలన్నీ పంచారు, అమ్ముకున్నారు, తిన్నారు. గొర్రెలు పోతే పిడకలు పోయినట్టే కదా. బొగ్గు బండి రాలేదు, కరెంటు లేదు. జనం ముందు కాలువ గట్టు తెరెక్కులు నరికారు. అవి గడ్డిలా భగ్గుమని ఆరిపోయాయి. తర్వాత కంచెలు, తర్వాత బడి బల్లలు. మా ఆయన సాదిర్ మా పెళ్లి పెట్టె మూత తీసి పొయ్యిలో పెడుతుంటే నేను మొహం తిప్పుకున్నాను. కాల్‌బూబూ చిన్న కొడుకు బెక్‌తూర్‌కి అప్పుడు దగ్గు. గోడ ఇవతలికి వినబడేది, కుక్కపిల్ల మొరిగినట్టు. మధ్యలో ఆగితే నేను గోడకి చెవి ఆనించేదాన్ని.

ఆ రోజుల్లోనే మంచు తుఫాను పట్టుకుంది. గుమ్మం దాటిన మనిషి లేడు. తెరిపి ఇచ్చాక ఊటకి నీళ్లకి వెళ్లిన ఆడవాళ్లు బకెట్లు పారేసి పరిగెత్తుకొచ్చారు. బైతెరెక్ లేదు. మొద్దు మిగిలింది. మంచు మీద జాడలేవీ లేవు, తుఫాను తుడిచేసింది.

ఊరంతా మొద్దు చుట్టూ చేరింది. ఎవరు? ఒకరి మొహం ఒకరు చూసుకోవడం, తర్వాత అందరం ఇళ్ల మీది పొగ వైపు చూడడం. చేతికి దొరికితే ఆ మనిషిని అక్కడే చంపేసేవారు, నేను అబద్ధం చెప్పను. అబ్దిలాస్ తాత చేతికర్ర మంచులో గుచ్చి అన్నాడు:

"మనిషి పోతే పాడతాం. ఇది మనిషి కంటే పెద్దది. కాల్‌బూబూ, పాడు. నరికినవాడు మనలోనే ఉన్నాడు, వింటాడు."

కాల్‌బూబూ ముందుకొచ్చింది. మొద్దు వైపు తిరిగి, చేతులు నడుముకి ఆనించి ఎత్తుకుంది. ముందు చెట్టు కోసం పాడింది. తర్వాత గొంతు మారింది:

"నిన్ను కూల్చిన చేతిని నేను చూడలేదు తల్లీ,
ఆ చేయి కూలే రోజు మాత్రం వస్తుంది.
వాడి గుడారంలో శోకం ఉండనీ, మాట ఉండకపోనీ.
బైతెరెక్కని వాడిని పిలిచే నోరు
ఈ నేల మీద లేకపోనీ."

మేమందరం మొహాల మీద చేతులు తుడుచుకుని ఆమీన్ అన్నాం. ఆమె మొగుడు ఎసెన్‌కుల్ కూడా నా ఎదురుగానే నిలబడి అన్నాడు. టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. అంత చలిలో టోపీ ఎందుకు తీశాడా అనుకున్నాను.

బెక్‌తూర్ దగ్గు తగ్గింది. ఏళ్లు గడిచాయి. మళ్లీ గొర్రెలు వచ్చాయి, పిడకలు వచ్చాయి. ఎసెన్‌కుల్ మంచివాడే, మాట తక్కువ, ట్రాక్టర్ షెడ్డులో పని. కాలేయం పాడై, పసుపు పచ్చగా అయిపోయి మంచం పట్టాడు. ఆకురాలే కాలంలో పోయాడు.

గుడారం వేశారు. కాల్‌బూబూ నల్ల రుమాలు కట్టుకుని గోడ వైపు తిరిగి కూర్చుంది. ఇన్నాళ్లూ ఊళ్లోవాళ్ల మొగుళ్లకి పాడిన మనిషి, తన మొగుడికి ఎలా పాడుతుందో వినాలని పక్క లోయ నుంచి కూడా వచ్చారు. పాడింది. అతని చేతుల గ్రీజు వాసన పాడింది, కోపం వస్తే పళ్లెం దూరంగా నెట్టేవాడని పాడింది. నేను వెక్కి వెక్కి ఏడ్చాను. కానీ ఆ మాట రాలేదు. ఇప్పుడొస్తుంది, ఇప్పుడొస్తుంది అని చూశాం. పక్కన కూర్చున్న ఆమె పెద్ద తోడికోడలు గుల్సున్ మోచేత్తో పొడిచింది కూడా. రాలేదు. శవాన్ని ఎత్తారు.

"దుఃఖంలో మరిచిపోయింది," అన్నారు మొదట. "కాల్‌బూబూ మరిచిపోవడమా? గుర్రం నడక మరిచిపోతుందా?" అన్నారు మర్నాటికి. పశువుల డాక్టరు కథ పుట్టింది ఆ వారంలోనే.

గుల్సున్ మొగుడి తరఫున పెద్ద. అందరి ముందూ చెప్పేసింది: "ఏడాది విందులో ఆఖరి శోకం ఉంటుంది. మా మరిదిని బైతెరెక్ అని పిలిస్తే తెల్ల రుమాలు నా చేత్తో కడతాను. పిలవకపోతే ఆ నల్లది అలాగే ఉంటుంది."

ఇది చిన్న మాట కాదు. ఏడాది దాటాక విధవకి నలుపు తీసి తెలుపు కట్టాలి. కట్టకపోతే ఏ శుభానికీ గడప దాటడానికి లేదు. విందు అయ్యాక ఆ ఆకురాలే కాలంలోనే బెక్‌తూర్ పెళ్లి. కోడలు గుమ్మంలోకి వస్తే తల మీద తెల్లగుడ్డ వేయాల్సింది అత్తగారే. నలుపులో ఉన్న మనిషి కోడలి మొహం చూడకూడదు, పక్క గదిలో కూర్చోవాలి.

ఏడాది విందు వచ్చింది. గుర్రాన్ని కోశారు. కాల్‌బూబూ ఆఖరి శోకం పాడింది, ఇంకా బాగా పాడింది. ఆ మాట మాత్రం అనలేదు. గుల్సున్ ఒళ్లో మడత పెట్టి ఉన్న తెల్ల రుమాలు ఇంకో మడత పెట్టి, చంకలో పెట్టుకుని లేచి వెళ్లిపోయింది. బెక్‌తూర్ బయట గుర్రాల దగ్గర తల వంచుకుని నిలబడ్డాడు.

నాకు అన్నం సహించలేదు. ఇంటికొచ్చి సాదిర్ మీద పడ్డాను. ఎసెన్‌కుల్ మంచం పట్టిన ఆఖరి రోజుల్లో మా ఆయన ఒక్కడే వెళ్లి కూర్చునేవాడు. మా ఆయన నోరు విప్పడమంటే గడ్డకట్టిన ఊట తవ్వడమే.

"నీకేదో తెలుసు. చెబుతావా, నీ ఉప్పు టీలో పేడ వేయనా?"

"వేసినా తేడా తెలియదులే," అన్నాడు. కాసేపటికి చెప్పేశాడు. బైతెరెక్‌ని నరికింది ఎసెన్‌కుల్. తుఫానులో, ఒక్కడే. ట్రాక్టర్ షెడ్డులో దాచి, చీల్చి చీల్చి ఇంటికి తెచ్చాడు. "ఇంటిదానికి కూడా చెప్పలేదురా సాదిర్, షెడ్డు పాత దూలాలని చెప్పాను. పాపం, తెలియక నన్నే శపించింది," అని ఏడ్చాడట.

విన్నానో లేదో, నాకు దారి కనబడింది. అంటే కాల్‌బూబూకి ఆఖరి రోజుల్లో ఎలాగో తెలిసింది, తన శాపానికి తనే కట్టుబడి నోరు మూసుకుంది, అంతే! తిన్నగా గుల్సున్ దగ్గరికి పోయాను. చెప్పాను. గుల్సున్ మొదట మా మరిది అలాంటివాడు కాదని అరిచింది, తర్వాత నేల మీద కూలబడింది. ఇద్దరం ముల్లా దగ్గరికి వెళ్లాం. ఆయన గడ్డం దువ్వుకుని చెప్పాడు: "తెలిసి అన్న శాపం రాయి, తెలియక అన్నది గాలి. తెలియక అన్నానని రొట్టె పట్టుకుని ఒట్టేసి ఒక్క మాట చెబితే విడిపోతుంది. ఆ తర్వాత మొగుడిని ఏ పేరుతోనైనా పిలవచ్చు."

గుల్సున్ రొట్టె కాల్చింది. తెల్ల రుమాలు ఇస్త్రీ చేసింది. పెళ్లికి ఇంకా వారముంది. ఇద్దరం మధ్యాహ్నం వెళ్లేసరికి కాల్‌బూబూ కప్పు మీద పెరుగు ఉండలు ఎండబెట్టి నిచ్చెన దిగుతోంది. నల్ల రుమాలు ఎండకి వెలిసి బూడిద రంగుకి తిరిగింది.

"ఏమే, ఇద్దరూ కలిసి వచ్చారు? ఎవరు పోయారు?" అంది.

"ఎవరూ పోలేదు, అక్కా. కూర్చో," అన్నాను.

గుల్సున్ ఆమె చేయి పట్టుకుంది. "నా నోరు పడిపోను. నిన్ను లేనిపోని మాటలన్నాను. మాకు అంతా తెలిసిందమ్మా. ఎసెన్‌కుల్ చేసిందీ, నువ్వు మొద్దు దగ్గర పాడిందీ. నీ తప్పు లేదు. ఇదిగో రొట్టె. ముల్లా చెప్పాడు, ఒక్క మాట అంటే చాలు, నీ కోడలి మొహం నువ్వే చూస్తావు."

కాల్‌బూబూ రొట్టె అందుకుంది. వేళ్లతో అంచు తడుముతూ ఉంది. పెరటి వైపు బెక్‌తూర్ పెళ్లి గుడారానికి కర్రలు చెక్కుతున్న చప్పుడు వినబడుతోంది. ఆమె అటే చూస్తోంది. నాకు ఓపిక తక్కువ.

"అడుగుతున్నా కదా, సూటిగా చెప్పు అక్కా. ఆ రోజు మొద్దు దగ్గర పాడినప్పుడు నరికింది ఆయనేనని నీకు తెలియదు. అవునా?"

ఆమె రొట్టెని మళ్లీ గుడ్డలో చుట్టి గుల్సున్ ఒళ్లో పెట్టింది.

"తెలియకపోవడమేమిటే జూరాకాన్? దూలం వాసన వేరు, నల్లమాను వాసన వేరు. ఆ పొద్దున వీడికి పాలు కాచింది ఆ కట్టెతోనే. నేను పాడనంటే అందరూ మా పొగగొట్టం వైపు చూసేవాళ్లు. మెత్తగా పాడినా చూసేవాళ్లే. అందుకే గట్టిగా పాడాను."