ఇంట్లోనే అయిపోయిన సీను

మా పక్కింటి కాక మొన్న మంగళవారం పొద్దున కన్నుమూశారు. గోదావరిఖనిలో ఆయనతో కలిసి బొగ్గుబాయి దిగినవాళ్లు, నాటకాలాడినవాళ్లు వాకిట్లో కూర్చుని ఏడ్చారు. మధ్యమధ్యలో నవ్వారు కూడా. ఆయన్ని తలుచుకుంటే అంతే.

బొగ్గుబాయిలో ఫిట్టరుగా చేశారు. షిఫ్టు దిగి స్నానం చేయగానే రిహార్సల్‌కు పరుగు. చిన్నప్పుడు నాకు బడి నాటకం నేర్పుతూ, "చెప్పుడు ఎవరైనా చెప్తరు బిడ్డా. అవతలోళ్లు మాట్లాడుతుంటే వినుడే కష్టం" అనేవారు.

రిటైరయ్యాక, పెళ్లి గురించిన ఒక పాత నాటకాన్ని టీవీవాళ్లు తీస్తూ భర్త వేషానికి కాకను పిలిచారు. ఆఖరి సీనులో ఆ భర్త భార్యను అడగాలి. ఇంట్లో ఆయన ఆ మాటలు వల్లెవేస్తుంటే, తప్పులు చూసి చెప్పడానికి కాగితాలు పట్టుకుని నేను కూర్చున్నాను.

"ఇన్నేండ్లల్ల నీకేం కావాల్నో నేనెన్నడన్న అడిగిన్నా?"

నాలుగోసారి అనేసరికి వంటింట్లోంచి ఆయన భార్య, మా చిన్నమ్మ, జవాబిచ్చింది: "అడగలే."

"నిన్ను కాదే, ఇది నాటకం."

"ఎరుకే. అయినా అడగలే కదా."

కాక మొహం చిన్నబోయింది. లేచి వంటింటి గడప దాకా వెళ్లారు. "అయితే ఇప్పుడు చెప్పు. ఏం కావాలె?" ఆ గొంతు స్టేజీ మీద నేనెప్పుడూ వినలేదు.

"ఆదివారం ఒక్కరోజన్న పొయ్యికాడ నిలవడకుండ కూసుంట."

ఆ ఆదివారమే ఆయన కోడికూర వండారు. నోట్లో పెట్టలేనంత ఉప్పు.

"ఎట్లున్నది?" అన్నారు భయంభయంగా.

"కూసోని తింటున్న. మంచిగనే ఉన్నది," అంది చిన్నమ్మ.

తర్వాత ఏ ఆదివారమూ ఆయన తప్పలేదు. ఉప్పు కూడా కుదిరింది.

ఆ నాటకం టీవీలో వచ్చిన రోజు కాలనీ అంతా వాళ్లింట్లోనే. తీరా చూస్తే ఆ ఆఖరి సీను కోసేశారు. కాక వీపు కనబడింది, పాట మొదలైంది, అయిపోయింది.

"గింత అన్యాయమా కాకా!" అని నాకు కోపమొచ్చింది.

ఆయన చిన్నమ్మ వైపు చూసి నవ్వారు. "ఫికర్ చెయ్యకు బిడ్డా. నా సీను ఇంట్లనే అయిపోయింది."

పోయిన నెల చిన్నమ్మకు భుజం నొప్పితో చెయ్యి లేవలేదు. ఒకరోజు పొద్దున వెళ్లేసరికి ఆమె మెట్టు మీద కూర్చుని ఏదో చెబుతోంది. వెనకాల కాక, నోట్లో రెండు పిన్నులు పట్టుకుని, ఊఁ కొడుతూ, ఆమె తెల్లజుట్టును వంకరటింకర జడగా అల్లుతున్నారు.