తల్లి ఏడ్చే చోట వాయించని మామ

పోయిన మంగళవారం పొద్దున అత్త వనపర్తి నుంచి ఫోన్ చేసింది. "మీ మామ ఇగ లేడు బిడ్డా" అంది. చిన్న సినిమాలకు సంగీతం కట్టిన మా మేనమామ, కిడ్నీలు చెడిపోయి, యాభై దాటకముందే వెళ్లిపోయాడు.

ఆయన గురించి మీరు విని ఉండరు. ఆయన పనిచేసినవి ఎక్కువగా కుర్రాళ్లు చందాలేసుకుని తీసిన సినిమాలు. స్టూడియో అంటే ఇంటి వెనక గది. బయటి చప్పుడు రాకుండా గోడలకు పాత బొంతలు వేలాడదీశాడు. సినిమా ఒప్పుకోగానే హార్మోనియం ముట్టేవాడు కాదు. కథ జరిగే ఊరికి పోయి, అక్కడి అరుగుల మీద ఊరికే కూర్చునేవాడు. "వాళ్లు ఎట్ల మాట్లాడుతరో ఇన్నంకనే గదా, మనం ఏం వాయించాల్నో తెలిసేది" అనేవాడు.

చివరి సినిమా, వీపనగండ్ల దిక్కు నుంచి బొంబాయికి పనికి పోయి శవమై తిరిగొచ్చిన కొడుకు కథ. శవాన్ని దించే చోట సన్నాయి కావాలన్నాడు దర్శకుడు.

"తల్లి ఏడుస్తుంది గదా తమ్మీ. మనం గూడ ఏడిస్తే ఆమెది ఎవరికి ఇనొస్తది?" అన్నాడు మామ. అక్కడ ఏమీ వాయించలేదు.

అప్పటికే డయాలసిస్ మొదలైంది. దవాఖాన మంచం మీద ఒక చేతికి సూదులుంటే, రెండో చేత్తో తొడ మీద తాళం వేసుకునేవాడు. పని ఆలస్యమైంది. నిర్మాత ఆగలేక హైదరాబాద్‌లో ఇంకొకరికి అప్పగించాడు. ఆ సంగతి మామకు చెప్పడానికి దర్శకుడికి నోరు రాలేదు.

నాగర్‌కర్నూల్‌లో సినిమా వేసిన రోజు కారు మాట్లాడి మామను నేనే తీసుకెళ్లాను. తెర మీద ఆయన పేరు లేదు. పాటలూ ఆయనవి కావు. తల్లి ఏడ్చే చోట మాత్రం సన్నాయి లేదు. హాలంతా ఆమె గొంతే. కోపంతో నేను లేవబోతే మామ చెయ్యి పట్టుకున్నాడు.

"కూసో. ఆమె ఏడుపును ఖరాబు చేయలే. గంతే సాలు."

తిరిగొచ్చేటప్పుడు ఊరు దాటాక కారు ఆపించాడు. దిగి, అటు తిరిగి చాలాసేపు ఏడ్చాడు.

మామ పోయిన ఆ మంగళవారం మధ్యాహ్నం ఆ దర్శకుడు ఇంటికి వచ్చాడు. హెల్మెట్ పట్టుకుని గేటు బయటే నిలబడ్డాడు. మాలో ఎవరూ పలకరించలేదు. అత్తే లేచి వెళ్లింది.

"లోపటికి రా కొడుకా. నువ్వు ఒక్కసారన్న వస్తవని మస్తు ఎదురుసూసిండు."

అతను వాకిట్లో పడుకోబెట్టిన మామ కాళ్ల దగ్గర కూర్చున్నాడు. కాసేపటికి ఎండ జరిగి మామ ముఖం మీద పడింది. అతను లేచి, ఎండకు అడ్డంగా నిలబడ్డాడు. మామను పాడె మీదికి ఎత్తేదాకా అక్కడి నుంచి కదల్లేదు.