మా మేనత్త అప్పీలు

మొన్న మార్కాపురం కోర్టు ముందు ఆటో కోసం నిలబడి ఉంటే, లోపలి నుంచి బంట్రోతు ఎవరిదో పేరు మూడుసార్లు పిలిచాడు. పలికినవాళ్ళు లేరు. బయట టీ తాగుతున్నవాళ్ళు తలైనా తిప్పలేదు. నాకు మాత్రం మా మేనత్త గుర్తొచ్చింది.

అప్పట్లో మేము మద్రాసు ప్రభుత్వం కింద, కర్నూలు జిల్లాలో ఉండేవాళ్ళం. అత్తను గిద్దలూరు దగ్గర పల్లెలో ఇచ్చారు. పిల్లలు లేరు. మామ పోగానే ఆయన తమ్ముడు బావి కింద పొలమంతా దున్నేసుకున్నాడు. అన్నదమ్ములు ఎప్పుడో వేరుపడ్డారని అత్త దావా వేస్తే, వేరుపడలేదని మునసబు కోర్టు తేల్చింది. అలాంటప్పుడు ఆ రోజుల చట్టం ప్రకారం పొలం బతికున్న తమ్ముడిదేనట, ఆమెకు తిండీ బట్టా చాలునట. అత్త కర్నూలుకు అప్పీలు చేసుకుంది. అక్కడి వకీలు ప్రతి వాయిదాకూ "ఈసారి మనదేనమ్మా" అనేవాడు. అలా అంటూ అంటూనే ఆయన కాలం చేశాడు. విచారణ నాటికి కొత్త వకీలుకు వకాలతు మీద వేలిముద్ర వేసివ్వాలి. తోడుగా నేను బయలుదేరాను. కొత్తగా పెళ్ళయినదాన్ని, కర్నూలు చూస్తానన్న సంబరం తప్ప అప్పీలు మీద ధ్యాస లేదు.

సద్దిమూట కట్టుకుని రైలుకు వెళ్ళబోతుంటే అత్త తోడికోడలు పరుగున వచ్చింది. దావా పడ్డాక ఆమె ఆ గడప తొక్కడం అదే మొదలు.

"అక్కా, ఆయనకు కలరా తగిలింది. ఇంట్లోకి ఒక్కరూ రావడంల్యా. నా వల్ల కావడంల్యా."

అత్త మూట దించింది.

"రైలు పోతాది అత్తా," అన్నాను.

"నీళ్ళు కాగబెట్టి ఉప్పేసి తీసుకరా. నువ్వు మాత్రం లోపలికి రావాకు."

మరిది తేరుకునేదాకా ఆమె ఆ ఇల్లు కదల్లేదు. ఉప్పుగంజి చెంచాతో పోసింది, పక్కగుడ్డలు కాల్చింది. అతడు కళ్ళు తెరిచి, ఆమెను చూసి, గోడవైపు తిరిగి పడుకున్నాడు.

ఆ తర్వాత నాయన కర్నూలులో కనుక్కుని వచ్చాడు. "అప్పీలు కొట్టేసినారు చెల్లే. పిలిస్తే పలికినోళ్ళు లేరంట. తగిన కారణం చూపిస్తే మళ్ళీ తీసుకుంటారంట. ఆ పొద్దు నువ్వు తన దగ్గరే ఉండావని నీ మరిది ఒక్కమాట చెబితే చాలు."

తనే వెళ్ళి అడిగాడు కూడా. అరుగు మీద కూర్చున్న మరిది, "నేనేమన్నా రమ్మన్నానా?" అన్నాడట. పక్కనే ఉన్న అతని భార్య తలెత్తలేదట.

"నిజమే గదా, ఆయన పిలవల్యా. ఆ పిల్ల పిలిచింది," అంది అత్త. ఏడుస్తుందేమోనని చూశాను. ఏడవలేదు, కోపగించుకోలేదు. నాయనకు అన్నం వడ్డించి, మజ్జిగ పోసి, తనూ తిన్నది. నాకూ ఏమీ అనిపించలేదు. తిమ్మిరెక్కిన కాలు మనది కానట్టు ఉంటుందే, అలా ఉండింది.

మళ్ళీ అర్జీ పెట్టుకోవడానికి గడువుంది అన్నారు. ఎవరమూ పెట్టలేదు. ఆ గడువు ఏ రోజున దాటిందో మా ఇంట్లో ఎవరికీ తెలియదు. మామూలుగానే తెల్లారి, మామూలుగానే పొద్దుగూకి ఉంటుంది.