నోరు జారిన వన్స్‌మోర్

మావారు పోయాక ఏడాదీ నాలుగు నెలలకు, సింగపూర్‌లో మనవరాలు నన్ను జపాన్ నాటకానికి తీసుకెళ్లింది. నాటకమయ్యాక గైడ్ వెంట నగరం దీపాలు చూడడమూ ఆ టిక్కెట్టులోనే ఉంది.

ఆడవేషం కట్టిన నటుడు చనిపోయిన బిడ్డ కోసం చేతిగుడ్డ ముఖానికి అడ్డం పెట్టుకుని ఏడ్చాడు. పద్యనాటకాల్లో ఆడవేషాలు వేసిన మావారూ అచ్చం అలాగే ఏడ్చేవారు. నాకు తెలియకుండానే “వన్స్‌మోర్” అని అరిచాను. హాలంతా నావైపు తిరిగింది.

“అమ్మమ్మా, డోంట్ షౌట్ లా,” అంది మనవరాలు సింగపూర్ యాసలో. సిగ్గుతో తల దించుకున్నాను.

తర్వాత నది ఒడ్డున గైడ్ ఏదో చెబితే, మనవరాలు నాకు తెలుగులో చెప్పింది. “జపాన్‌లో కూడా అరుస్తారంట అమ్మమ్మా. కానీ యాక్టర్‌ని పేరు పెట్టి పిలుస్తారంట.”

నలభై తొమ్మిదేళ్ల కాపురంలో ఆయన్ని నేనెన్నడూ పేరు పెట్టి పిలవలేదు. మనవరాలు ఫొటోలు తీసుకుంటుంటే, నీళ్లకేసి చూస్తూ “సూర్యనారాయణా” అని పిలిచాను. ఆయనుంటే నవ్వేవారు.

ఈసారి ఎవరూ తిరిగి చూడలేదు.